బర్మింగ్‌హామ్ పెన్ మ్యూజియం: ఒక పూట కేటాయించొచ్చా?

మధురవాడ | బుధవారం, రాత్రి 9:10

అందరికీ నమస్కారం. మా అమ్మాయి బర్మింగ్‌హామ్‌లో ఎంఎస్సీ చదువుతోంది. నెలాఖరుకి నేనూ మా ఆవిడా వెళ్తున్నాం. ఎవర్ని అడిగినా చాక్లెట్ ఫ్యాక్టరీ చూడండి, టివిడేల్ బాలాజీ గుడికి వెళ్ళండి అంటున్నారు. గుడికి ఎలాగూ వెళ్తాం. నాకు మాత్రం అక్కడ పెన్ మ్యూజియం ఒకటుందని తెలిసినప్పటి నుంచి మనసు అటే లాగుతోంది. "పెన్నులు చూడ్డానికి విమానమెక్కాలా, జగదాంబ సెంటర్లో దొరకవా?" అని మా ఆవిడ ఎత్తిపొడుపు.

చూసినవాళ్ళుంటే చెప్పండి. ఎంతసేపు పడుతుంది? పెన్నుల పిచ్చి లేనివాళ్ళకి విసుగొస్తుందా?

బ్రమ్ బుజ్జి | బుధవారం, రాత్రి 10:25

అంకుల్, కళ్ళు మూసుకుని వెళ్ళండి. నేనుండేది ఈ ఊళ్ళోనే, ఎవరొచ్చినా తీసుకెళ్తుంటాను. జ్యుయెలరీ క్వార్టర్ స్టేషన్‌లో దిగితే నడిచి వెళ్ళొచ్చు. ఫ్రెడరిక్ స్ట్రీట్ మూల మీద రంగురంగుల ఇటుకలతో, ఇటలీ కోటలా ఉండే పాత బిల్డింగ్ కనిపిస్తుంది. పేరు ఆర్జెంట్ సెంటర్. 1863లో వైలీ అనే ఆయన బంగారు పాళీల (నిబ్బుల) ఫ్యాక్టరీగా కట్టించాడు. ఫ్యాక్టరీ ఆవిరి ఊరికే పోతోందని దాంతో అక్కడే టర్కిష్ స్నానాల గదులు కూడా నడిపారట. వ్యాపారమంటే అదీ.

మ్యూజియం మాత్రం ఆ బిల్డింగ్‌లో చిన్న భాగం. పెద్ద పెద్ద హాళ్ళు ఊహించుకోకండి. 2001లో తెరిచారు, నడిపేది ఎక్కువగా వలంటీర్లే. నేను వెళ్ళినప్పుడల్లా ఎవరో ఒక పెద్దాయన దగ్గరుండి అన్నీ చూపించారు. గోడల నిండా గాజు చట్రాల్లో పాళీలు, అట్టపెట్టెలు, వాటి మీద రాజుల బొమ్మలు, ఏనుగుల బొమ్మలు. కానీ అసలు సంగతి అది కాదు. మీ చేత్తో మీరే ఒక పాళీ చేసుకోవచ్చు.

పాత చేతి ప్రెస్‌ల ముందు నిలబెడతారు. పల్చటి ఉక్కు పట్టీ లోపలికి తోసి హ్యాండిల్ లాగితే టక్కుమని చదునైన చిన్న ముక్క కింద పడుతుంది. చూస్తే బాణం మొనలా ఉంటుంది. దాన్ని ఇంకో ప్రెస్‌లో పెడితే మధ్యలో చిల్లు. ఇంకోదాంట్లో వంపు. చివరికి చీలిక. మా అమ్మ వచ్చినప్పుడు చిల్లు పక్కకి పోయింది, ఆ వలంటీరు నవ్వి, "మీకు ఈ రోజు కూలి కట్" అన్నాడు. ఆంటీకి కూడా నచ్చుతుంది, నాదీ హామీ.

బాలానగర్ ఫిట్టర్ | గురువారం, ఉదయం 6:50

నేను టూల్ రూమ్‌లో ముప్పై ఏళ్ళు చేసి రిటైరయ్యాను. బర్మింగ్‌హామ్ వెళ్ళలేదు గానీ ఫ్లై ప్రెస్ అనే చేతి ప్రెస్ మీద చెయ్యి అరిగిపోయింది. బుజ్జి చెప్పింది సందర్శకుల కోసం కుదించిన వరస అయి ఉంటుంది. అసలు పని ఇంకా పొడుగు.

పట్టీ నుంచి ముక్క కొట్టడాన్ని బ్లాంకింగ్ అంటాం. పాళీ ముక్కలు ఒకదాని సందులో ఒకటి ఇరుక్కునేట్టు కొట్టాలి, లేకపోతే సగం ఉక్కు తుక్కు కింద పోతుంది. తర్వాత చిల్లు, ఎగువన కంపెనీ పేరు ముద్ర. ముక్క అప్పుడు బిరుసుగా ఉంటుంది కాబట్టి కొలిమిలో కాల్చి మెత్తబరచాలి. మెత్తబడ్డాకే వంచడం. వంచాక మళ్ళీ ఎర్రగా కాల్చి నూనెలో ముంచితే గాజులా గట్టిపడుతుంది, కింద పడితే విరుగుతుంది. దాన్ని మళ్ళీ సన్న సెగ మీద టెంపర్ చేస్తే అప్పుడు స్ప్రింగు గుణం వస్తుంది. ఆ తర్వాత ఆసిడ్‌లో కడగడం, మొన దగ్గర సాన పట్టడం. ఇవన్నీ అయ్యాకే చీలిక! గట్టిపడ్డ ఉక్కుని, అదీ వెంట్రుక పట్టేంత సందు కూడా కనబడకుండా కొయ్యాలి. రెండు కట్టర్లు కత్తెరలా ఒకదాన్నొకటి రాసుకుంటూ దిగాలి. ఆ డై (కొట్టే అచ్చు) చేసినవాడికి దణ్ణం పెట్టాలి. తర్వాత రంగు కోసం మళ్ళీ సెగ చూపించి, తుప్పు పట్టకుండా వార్నిష్.

చిల్లు ఎందుకంటే, చీలిక అక్కడ ఆగకపోతే పాళీ పైదాకా చిరుగుతుంది. పైగా మొన విచ్చుకోవడానికి సులువు.

ఒక్క పాళీకి ఇన్ని చేతులు మారాలి. మ్యూజియం వాళ్ళు ప్రెస్‌లు ఊరికే పెట్టి "ముట్టుకోవద్దు" అని బోర్డు తగిలించకుండా జనం చేత నడిపిస్తున్నారంటే, అదే సరైన పద్ధతి. మెషీన్ ఆగితే చచ్చినట్టే.

సందేహాల రావు | గురువారం, ఉదయం 8:15

అందరూ ఒకేసారి మెచ్చుకుంటుంటే నాకు దురద పుడుతుంది, ఏమనుకోకండి. లోహపు కలాలు బర్మింగ్‌హామ్‌కి ముందు నుంచీ ఉన్నాయి. అవి కనిపెట్టింది వీళ్ళు కాదు. మరి "ప్రపంచంలో రాసిన ప్రతి నాలుగు కాగితాల్లో మూడు మా పాళీతో రాసినవే" అని చెప్పుకుంటారట. ఎవడు లెక్కపెట్టాడు? ఊరి గొప్ప చెప్పుకునే ప్రతి మ్యూజియమూ ఇంతే.

పాళీ పిచ్చోడు | గురువారం, ఉదయం 11:30

రావుగారూ, ఆ నాలుగింట మూడు లెక్క నేనూ నెత్తిన పెట్టుకోను. కానీ 1850ల్లో ప్రపంచంలో తయారైన ఉక్కు పాళీల్లో సగానికి పైగా ఆ ఒక్క ఊరివే అన్నది మాత్రం గట్టి మాటే. కనిపెట్టడం గురించి మీరన్నది నిజం. ఉక్కు కలాన్ని చేత్తో ఒక్కొక్కటీ చేసేవాళ్ళు అంతకుముందే ఉన్నారు. 1822 ప్రాంతంలో జాన్ మిచెల్ ఆ పనిని ప్రెస్ మీదికి ఎక్కించాడు. అతని తమ్ముడు విలియమ్‌దీ అదే పని. వాళ్ళ చెల్లెలు మరియాని పెళ్ళాడినవాడు జోసెఫ్ జిలాట్, షెఫీల్డ్ నుంచి పొట్ట చేతపట్టుకుని వచ్చిన మనిషి. అంటే సగం పరిశ్రమ ఒకే ఇంటి బావా బావమరుదులది.

అసలు ఆ ఊరే ఎందుకంటే, అక్కడ అప్పటికే గుండీలు, బకిల్స్, చిన్న చిన్న నగలు ప్రెస్‌ల మీద కొట్టే పనివాళ్ళు వీధికొకరున్నారు. పల్చటి రేకుని కొట్టి, వంచి, మెరుగుపెట్టే విద్య చేతిలో ఉంది. ఉక్కు షెఫీల్డ్ నుంచి వచ్చేది. పాళీ అనేది వాళ్ళకి ఇంకో గుండీ లాంటిదే.

జోసయా మేసన్ కథ ఇంకా బావుంటుంది. కిడర్‌మిన్‌స్టర్‌లో చిన్నప్పుడు వీధుల్లో కేకులమ్మిన మనిషి. బర్మింగ్‌హామ్ వచ్చి తాళంచెవుల రింగులు చేసే వ్యాపారం పట్టాడు. ఒక రోజు బుల్ స్ట్రీట్‌లో ఒక షాపు అద్దంలో పెర్రీ కంపెనీ ఉక్కు కలాలు చూశాడు. షాపువాడు రాసుకుంటున్న కలాన్నే ఆరు పెన్నీలిచ్చి కొనుక్కుపోయి, దానికన్నా మంచివి చేసి లండన్‌లో ఉన్న పెర్రీకి పోస్టులో పంపాడు. ఆ పెర్రీ వెతుక్కుంటూ ఇతని గుమ్మంలోకి వచ్చాడు! ఆ తర్వాత ఏళ్ళ తరబడి చేసింది మేసన్, పాళీ మీద పేరు పెర్రీది. అందుకే జిలాట్ అంటే తెలిసినంతగా ఇతను జనానికి తెలీడు.

లెక్కల మాస్టారు | గురువారం, మధ్యాహ్నం 2:05

ధరల సంగతి ఎవరూ ఎత్తలేదు. పాళీలు గ్రోసు లెక్కన అమ్మేవారు, అంటే 144. 1820ల మొదట్లో గ్రోసు టోకు ధర 7 పౌండ్ల 4 షిల్లింగులు. పౌండుకి 20 షిల్లింగులు కదా, మొత్తం 144 షిల్లింగులు. పాళీ ఒక్కింటికి సరిగ్గా ఒక షిల్లింగు. 1830కి గ్రోసు 8 షిల్లింగులకి పడింది. 1861కి ఆరు పెన్నీలు. అంటే పెన్నీకి 24 పాళీలు. షిల్లింగుకి 12 పెన్నీలు, కాబట్టి నలభై ఏళ్ళలో ధర 288వ వంతుకి దిగింది. మన రోజుల్లో సెల్‌ఫోన్ కాల్ చార్జీలు తగ్గాయని మురిసిపోతాం!

జిలాట్ తన పెళ్ళి రోజు పొద్దున్నే కూర్చుని తన చేత్తో ఒక గ్రోసు పాళీలు చేసి, ఒక్కోటి షిల్లింగుకి అమ్మి పెళ్ళికి వెళ్ళాడని ఒక కథ చెబుతారు. ఎంత నిజమో గానీ, లెక్క మాత్రం సరిపోయింది. పెళ్ళికొడుకు చేతికి మసి ఉండి ఉంటుంది.

నేను 1960ల్లో ప్రాథమిక పాఠశాలలో చెక్క పిడికి పాళీ గుచ్చి, సిరాబుడ్డిలో ముంచి రాసినవాణ్ణి. సిరా మాత్రలు నీళ్ళలో కలుపుకునేవాళ్ళం. అక్షరం బాగా వస్తుందనేసరికి పాళీ రెండు కాళ్ళూ ఎడం జరిగేవి. పోస్టాఫీసులో దారంతో కట్టేసిన కలం ఉండేది, దాంతో మనియార్డరు ఫారం నింపడమంటే పరీక్షే. అవి ఏ ఊరివో అప్పుడెవరం చూశాం?

నిజామాబాద్ నిర్మల | గురువారం, రాత్రి 8:40

మగవాళ్ళ పేర్లే వినబడుతున్నాయి. మిచెల్, జిలాట్, మేసన్, పెర్రీ. ఆ ప్రెస్‌ల ముందు కూర్చున్నదెవరు? పాళీ ఫ్యాక్టరీల్లో ఎక్కువ మంది ఆడవాళ్ళు. డైలు చేసేది, కొలిమి దగ్గర నిలబడేది మగవాళ్ళు. కొట్టడం, చిల్లు వెయ్యడం, వంచడం, చీల్చడం ఆడపిల్లల పని. రోజుకి వేలల్లో. ఆ హ్యాండిల్ రోజంతా లాగితే భుజం ఏమవుతుందో బాలానగర్ అన్నకి తెలుసు.

మా అమ్మ బీడీలు చుట్టేది. వెయ్యి చుడితేనే కూలి, అందులో కంపెనీవాడు ఆకు బాగాలేదని, మొన సరిగ్గా మడవలేదని ఓ కట్ట పక్కన పడేసేవాడు. బుజ్జి చెప్పిన "కూలి కట్" జోకు చదివి నాకు నవ్వు రాలేదు. తప్పు బుజ్జిది కాదులెండి, మ్యూజియం అలా చెబుతోందంటే కనీసం చెబుతోందని సంతోషం. కానీ అక్కడ ఆ ఆడవాళ్ళ గురించి గోడ మీద ఎంత జాగా ఇచ్చారు? అది నాకు కావాలి.

బ్రమ్ బుజ్జి | గురువారం, రాత్రి 9:15

నిర్మలక్కా, న్యాయమైన ప్రశ్న. ప్రెస్‌ల ముందు బారులు బారులుగా కూర్చున్న ఆడవాళ్ళ ఫోటోలున్నాయి. వలంటీర్లు వాళ్ళ గురించే ఎక్కువ చెబుతారు, రోజుకి ఎన్ని వేలు కొట్టాలో, తప్పుకి జరిమానా ఎలాగో. కానీ పేర్లు? అద్దాల చట్రాల్లో ఉన్నవన్నీ యజమానుల పేర్లే. పాళీ మీద ముద్ర పడేది వాళ్ళ పేరే కదా.

సందేహాల రావు | గురువారం, రాత్రి 9:40

ఇది ఒప్పుకుంటాను. అయినా యజమానులు డబ్బంతా మింగి కూర్చోలేదు. జిలాట్ టర్నర్ అనే చిత్రకారుడి బొమ్మలు కొన్నాడు.

నిజామాబాద్ నిర్మల | గురువారం, రాత్రి 9:44

అదేగా నేననేది రావుగారూ.

పాళీ పిచ్చోడు | గురువారం, రాత్రి 10:30

మేసన్ విషయంలో కాస్త నెమ్మదించాలి. అతనికి పిల్లల్లేరు. ఎర్డింగ్టన్‌లో పెద్ద అనాథాశ్రమం కట్టించాడు. 1875లో సైన్స్ కాలేజీకి పునాది వేయించాడు, 1880లో అది మొదలైంది. 1900లో అదే బర్మింగ్‌హామ్ యూనివర్సిటీ అయింది. మధురవాడగారూ, మీ అమ్మాయి చదివేది ఆ యూనివర్సిటీలోనే అయితే, ఆ చదువుకి మొదటి పెట్టుబడి పాళీల డబ్బని మీ ఆవిడతో చెప్పండి. జగదాంబ సెంటర్ వాదన అక్కడితో సరి.

మధురవాడ | శుక్రవారం, ఉదయం 6:30

ఆ యూనివర్సిటీనే! రాత్రే చదివి వినిపించాను. "అయితే ఫీజులో ఏమైనా తగ్గిస్తారా?" అంది. ఏం చెప్పమంటారు.

గోదారి ఒడ్డు | శుక్రవారం, ఉదయం 9:20

ఇంతసేపూ మా ఊరి పేరు ఎవరైనా ఎత్తుతారేమోనని చూస్తున్నాను. పెన్నులంటే రాజమండ్రి గుర్తుకు రాకపోతే ఎలాగండీ?

కోసూరి వెంకటరత్నంగారు నగలకి అచ్చులు చేసే పనిలో ఉండేవారంటారు. స్వదేశీ వస్తువేదైనా చెయ్యమని గాంధీగారు అన్నమాట పట్టుకుని పెన్ను మీద పడ్డారు. 1932లో రత్నం పెన్నులు మొదలయ్యాయి. తన అనుచరుడు కుమారప్పగారి ద్వారా పంపిన పెన్ను అందిందని, బజార్లో దొరికే విదేశీ పెన్నులకి బదులుగా బాగా పనికొస్తుందని గాంధీగారు 1935లో రాసిన ఉత్తరం ఉంది. పిచ్చోడుగారు చెప్పిన గుండీల కథలాగే ఇక్కడా నగల పనివాడి చేతిలోంచే పెన్ను వచ్చింది.

మా దగ్గర పని వేరు. ప్రెస్‌లు కావు, లేత్, అంటే కడ్డీని గిరగిరా తిప్పుతూ చెక్కే మెషీన్. ఎబొనైట్ కడ్డీని లేత్ మీద పట్టి, లోపల తొలిచి, పైన చెక్కి, మరలు కోసి, చివరికి గుడ్డతో మెరుగు. ఎబొనైట్ అంటే గంధకం కలిపి ఉడికించిన రబ్బరు, తొలుస్తుంటే వచ్చే ఆ ఘాటు వాసన ముక్కులోంచి పోదు. నల్లటి చుట్టలు చుట్టలుగా పొట్టు రాలుతుంది. నేను చిన్నప్పుడు మా మావయ్యతో వెళ్ళి గుమ్మం దగ్గర గంటలు గంటలు నిలబడేవాణ్ణి.

ధవళేశ్వరంలో కాటన్ మ్యూజియం ఉంది. ఊళ్ళో రాళ్ళబండి సుబ్బారావుగారి పేరున మ్యూజియం ఉంది. పెన్నుకి కూడా ఒక గది, అందులో తిరిగే ఒక లేత్, పక్కన పనిచేసి చూపించే ఒక మనిషి కావాలనడం అత్యాశా?

సందేహాల రావు | శుక్రవారం, ఉదయం 10:05

అత్యాశ కాదు, కానీ ఎవరు నడుపుతారు? మొదటి రోజు మంత్రిగారు రిబ్బన్ కత్తిరిస్తారు, రెండో నెలకి తాళం. ఇంగ్లండ్‌లో రిటైరైనవాళ్ళు జీతం లేకుండా వచ్చి కూర్చుంటారు, మన దగ్గర రిటైరైతే మనవల్ని స్కూలుకి దింపాలి.

బాలానగర్ ఫిట్టర్ | శుక్రవారం, ఉదయం 10:50

నేనొస్తాను. మనవణ్ణి దింపాకే లెండి.

బిల్డింగ్ సంగతి తర్వాత. ముందు పనిముట్లు ఆపాలి. ఏ ఊళ్ళోనైనా ఒక చేతిపని పోయేటప్పుడు మొదట పోయేది తుక్కు కొట్టుకి వెళ్ళే డైలూ, పని చేసే ముక్కని పట్టి ఉంచే జిగ్గులే. పెన్నుల్ని ఎవడో ఒకడు దాస్తాడు, పెన్ను చేసే పనిముట్టుని కిలోల్లెక్కన తూస్తారు. పాత పనివాడి ఇంట్లో సొంతంగా సానపట్టుకున్న ఉలి ఉంటుంది, దాని కోణం ఏ పుస్తకంలోనూ ఉండదు. దాన్ని అతను వాడుతుండగా ఫోన్లో వీడియో తీసి పెట్టండి, అతని పేరు, ఊరు, ఎవరి దగ్గర నేర్చుకున్నాడో అతని నోటితోనే చెప్పించండి. అతనికి ఇష్టమైతేనే సుమా. నిర్మలమ్మ అడిగిన పేర్ల గొడవ మన దగ్గరైనా రాకుండా ఉంటుంది.

గోదారి ఒడ్డు | శుక్రవారం, మధ్యాహ్నం 12:15

ఈ మాట బావుంది. వర్క్‌షాపుల్లో పాత మేస్త్రీలు ఇంకా ఉన్నారు. ఆదివారం ఒకరిద్దర్ని కదిపి చూస్తాను.

బొమ్మల బాబు | శుక్రవారం, సాయంత్రం 5:30

ఆలస్యంగా వచ్చాను. నేను కామిక్స్ గీస్తాను. పాళీలు పాతకాలపు సంగతి అన్నట్టు మాట్లాడుతున్నారు గానీ నా బల్ల మీద జిలాట్ 303 అనే పాళీకి ఇప్పుడే సిరా ఆరుతోంది. జపాన్ మాంగా వాళ్ళు జీ పెన్ అని ఇలాంటి పాళీతోనే గీస్తారు. గట్టిగా నొక్కితే లావు గీత, వదిలితే వెంట్రుక గీత. టాబ్లెట్ మీద అది వస్తుంది, కానీ కాగితాన్ని గీరే ఆ కరకర రాదు. ఒక కొసరు సంగతి. బ్రాండావర్ అనే పాత పాళీల కంపెనీ ఇప్పటికీ బర్మింగ్‌హామ్‌లోనే ఉంది, పాళీలు వదిలేసి వేరే మెషీన్లకి కావలసిన సన్నటి లోహపు భాగాలు ప్రెస్ మీద కొడుతోంది. విద్య అదే.

లెక్కల మాస్టారు | శుక్రవారం, సాయంత్రం 6:10

బాబూ, దాంతో తెలుగు రాస్తే ఎలా ఉంటుంది? మా రోజుల్లో గుడి రాయబోతే కాగితం చిరిగేది.

పాళీ పిచ్చోడు | శుక్రవారం, రాత్రి 8:00

మాస్టారూ, దీనికి నేను చెబుతాను. 303 లాంటి మెత్తటి సూది మొన ఇంగ్లీషు కలిపిరాతకి పెట్టింది పేరు. వాళ్ళ వాలు రాతలో కిందికి లాగేటప్పుడు లావు, పైకెళ్ళేటప్పుడు సన్నం. మన అక్షరం అలా కాదు, గుండ్రంగా అన్ని వైపులా తిరుగుతుంది. మొనని ఎదురు తోసినప్పుడల్లా అది కాగితం పీచుని పట్టుకుంటుంది, సిరా చిమ్ముతుంది. తెలుగుకి కాస్త బిరుసు పాళీ, మొన పైకి తిరిగి ఉన్నది తీసుకోండి. వేవర్లీ అని పాత రకం ఒకటుంది, సరిగ్గా అలాంటిదే. దాంతో తలకట్టు కూడా సాఫీగా వస్తుంది. కాగితం నున్నగా ఉండాలి, పక్కన అద్దుడు కాగితం తప్పనిసరి.

మధురవాడగారూ, మ్యూజియంలో పాళీలు అమ్మకానికుంటే అలాంటిది ఉందేమో చూడండి. నా వాటా డబ్బులు ఫోన్‌పే చేస్తాను.

మధురవాడ | శుక్రవారం, రాత్రి 9:30

తప్పకుండా. వెళ్ళడం ఖాయమైంది. మా ఆవిడ కూడా వస్తానంది, పాళీ చేసే ప్రెస్ తనే నడుపుతుందట, నాకు ఇవ్వదట. నిర్మలగారూ, గోడ మీద ఆడవాళ్ళ గురించి ఏముందో అక్షరం వదలకుండా ఫోటో తీసి ఇక్కడ పెడతాను, ఫోటోలు తియ్యనిస్తేనే. ఇంకేమైనా చూడదగ్గవి దగ్గర్లో ఉన్నాయా?

బ్రమ్ బుజ్జి | శుక్రవారం, రాత్రి 9:50

ఉన్నాయి అంకుల్. వైస్ స్ట్రీట్‌లో జ్యుయెలరీ క్వార్టర్ మ్యూజియం. స్మిత్ అండ్ పెప్పర్ అనే నగల వర్క్‌షాపు 1981లో మూతపడితే బల్లల మీద పనిముట్లు, టీ కప్పులు ఎక్కడివక్కడే వదిలి వెళ్ళిపోయారు, దాన్నే మ్యూజియం చేశారు. ఫ్లీట్ స్ట్రీట్‌లో కాఫిన్ వర్క్స్ ఉంది, శవపేటికల పిడులూ బిళ్ళలూ చేసిన ఫ్యాక్టరీ. ఆంటీకి అది వద్దంటే వద్దులెండి.

పెన్ మ్యూజియం వారంలో అన్ని రోజులూ తెరవరు. వలంటీర్ల మీద నడిచేది కాబట్టి వేళలు మారుతుంటాయి, బయల్దేరే ముందు వాళ్ళ వెబ్‌సైట్‌లో చూసుకోండి. ప్రెస్‌ల దగ్గర చేతికి నూనె అంటుతుంది, ఆంటీని పట్టుచీర కట్టుకోవద్దనండి.